మర్నాటి డబ్బా

శబరికి ఈ ఒడ్డున ఛత్తీస్‌గఢ్ వారి కొంటా, ఆ ఒడ్డున ఒడిశా వారి మోటు. ఏటి వెంట దిగువకు పోతే చింతూరు, ఆపైన కూనవరం దగ్గర గోదావరి. ఇక్కడి దొర్లలు, కోయలు సంతలో తెలుగు మాట్లాడతారు. జబ్బు ముదిరితే భద్రాచలం దారి పడతారు.

క్షయ వాళ్లకు కొత్త చుట్టం కాదు. 2005 నాటికి దేశమంతా దాదాపు ఒకటే పద్ధతి. మూడు వారాలు దగ్గితే మూడుసార్లు గళ్ల ఇవ్వాలి. వెళ్లిన రోజు ఒకటి. మర్నాడు నిద్ర లేవగానే, జావ తాగకముందే, ఇంటి దగ్గర పట్టింది ఇంకొకటి. ఆ డబ్బా అప్పజెప్పేటప్పుడు మూడోది. గాజు పలక మీద గళ్ల పూసి, ఎర్ర రంగు పోసి, అడుగున సెగ చూపి, ఆమ్లంతో కడిగి, నీలం అద్దుతారు. ఆ నీలంలో సన్నటి ఎర్ర పుల్లలు కనిపిస్తే క్షయ. మిల్లీలీటరు గళ్లలో అయిదు నుంచి పది వేల క్రిములైనా ఉంటేగానీ ఆ పరీక్షకు దొరకవు. మర్నాటి డబ్బా మీద అంత నమ్మకం అందుకే. రాత్రంతా ఊపిరితిత్తుల్లో పేరుకున్నది అందులో పడుతుంది.

ఆ డబ్బా నిండాలంటే, రాత్రి పడుకున్న చోటే తెల్లవారాలి.

2005 జూన్‌లో బస్తర్‌లో, మావోయిస్టులపైకి ప్రభుత్వ అండతో ఆదివాసీ యువకులను ఆయుధాలతో దింపిన సల్వాజుడుం మొదలైంది. కొంటా చుట్టుపక్కల ఊళ్లు తగలబడ్డాయి. కొందరు రోడ్డు పక్క శిబిరాల పాలయ్యారు, కొందరు అడవి పట్టారు, వేలమంది అప్పటి ఖమ్మం జిల్లాలోకి వచ్చిపడ్డారు. అక్కడ వాళ్లకు గుత్తికోయలని పేరు పడింది. పేరైతే దొరికింది గానీ ఊరు దొరకలేదు. క్షయ మందు మొదలుపెట్టే ముందు ఆరోగ్య కార్యకర్త ఇంటికి వెళ్లి చిరునామా సరిచూసుకోవాలన్నది నిబంధన. నెలల తరబడి మింగాల్సిన మందు మధ్యలో ఆపితే జబ్బు మొండికేస్తుంది కనుక ఆ జాగ్రత్త. జాగ్రత్త మంచిదే. కాలిపోయిన ఇంటికి వెళ్లి ఏం సరిచూస్తారు?

2006 నుంచి డాక్టర్స్ వితౌట్ బార్డర్స్ సంస్థ ఈ సరిహద్దు గూడేల్లో సంచార క్లినిక్కులు నడిపింది. 2009లో మూడు డబ్బాలు రెండయ్యాయి, మూడు వారాల దగ్గు రెండు వారాలకు తగ్గింది. 2011 జులై 5న సుప్రీంకోర్టు, ఆదివాసీ యువకుల చేతికి తుపాకులివ్వడం రాజ్యాంగ విరుద్ధమని తేల్చింది. 2020లో ప్రపంచ ఆరోగ్య సంస్థ మన దేశంలోనే తయారైన ట్రూనాట్ క్షయ పరీక్షను ఆమోదించింది. ఆ యంత్రం బ్యాటరీతో నడుస్తుంది, ఫలితం పూటలో చెబుతుంది. అన్నీ వచ్చాయి. అప్పటికి ఊళ్లు చెదిరిపోయాయి.

మందు లేని కాలంలో క్షయతో పోతే తలరాత అనుకున్నారు. జర్మన్ శాస్త్రవేత్త రాబర్ట్ కాక్ ఆ క్రిమిని 1882లోనే పట్టుకున్నాడు, మందులొచ్చి కూడా దశాబ్దాలైంది. కనుక ఇప్పటి చావును తలరాత అనడానికి లేదు. చెదిరిపోయిన ఆ ఊళ్లవాళ్ల పేర్ల పక్కన ‘పరీక్షకు రాలేదు’ అని రాసే ముందు, ఆ పొద్దు వాళ్లకు ఎక్కడ తెల్లవారిందో అడగండి. వీలైతే డబ్బా పట్టుకుని మీరే గూడేనికి వెళ్లండి. ఆ రాత్రి అక్కడే ఉండి, మర్నాడు పొద్దున్నే చేత్తో తెచ్చుకోండి.