క్రిస్మస్ దీవి గబ్బిలం

జావాకు దక్షిణాన, నడి సముద్రంలో ఉంది క్రిస్మస్ దీవి. 1643లో క్రిస్మస్ రోజున అటుగా ఓడలో వెళ్తూ విలియం మైనర్స్ పెట్టిన పేరది. మనుషులు అక్కడ కాపురం పెట్టింది మాత్రం 1888లో. అప్పటిదాకా ఆ అడవి పీతలది, ఎలుకలది, గబ్బిలాలది.

ఫాస్ఫేటు తవ్వకాలు మొదలుకాకముందే అక్కడున్న జీవరాశిని రాసిపెట్టాలని 1897లో శాస్త్రజ్ఞుడు చార్లెస్ ఆండ్రూస్ దిగాడు. మాక్లియర్ ఎలుకలు ఆయన్ని కునుకు తీయనివ్వలేదు. సగం నలుపు, సగం తెలుపు తోకలు ఊపుకుంటూ గుడారంలో చొరబడేవి, పడుకున్నవాళ్ల మీదుగా పరుగెత్తేవి, తిండి కోసం సామానంతా కిందామీదా చేసేవి. అడవి నిండా వాటి కీచులాటే. 1908లో ఆయన మళ్లీ వచ్చి వెతికితే ఒక్కటీ కనబడలేదు. ఓడలు నల్ల ఎలుకల్ని దించాయి, అవి రోగాన్ని దించాయి. మ్యూజియంలో దాచిన తోళ్ల డీఎన్ఏ చూసి ఈ సంగతి తేల్చడానికి వందేళ్లు పట్టింది.

అప్పటివాళ్లకు తెలియదనుకుందాం. తర్వాతివాళ్లకు ఆ సాకు లేదు.

1980లో జాతీయ పార్కు వచ్చింది, పెరిగి పెరిగి దీవిలో మూడింట రెండు వంతులకు దగ్గరైంది. అందులోనే పిపిస్ట్రెల్ గబ్బిలం తరిగిపోతూ వచ్చింది. బరువు మూడు గ్రాములు. దాని కూత మన చెవికి అందదు, యంత్రంలోనే వినాలి. ఏటేటా ఆ యంత్రాల్లో కూతలు తగ్గుతుంటే లెక్కలు రాసుకున్నారు. పట్టి పెంచుదామని శాస్త్రజ్ఞులు మొత్తుకున్నారు. అనుమతి 2009 జూలైలో వచ్చింది. ఆగస్టులో వలలు పట్టుకుని వెళ్లేసరికి మిగిలింది ఒక్కటే. అదీ వలకు చిక్కలేదు. ఆగస్టు 26 రాత్రి కూత నమోదైంది. ఆ తర్వాత ఏ యంత్రమూ దాన్ని పట్టలేదు. బయటినుంచి వచ్చిన పామా, పిల్లులా, పసుపు చీమలా, దోషి ఎవరో నేటికీ తేలలేదు. ఫైలు కదలిక మాత్రం తేదీలతో సహా ఉంది.

దాదాపు అదే సమయంలో నీలితోక నలికిరిని, లిస్టర్ బల్లిని పట్టి పెంపకంలో పెట్టారు. రెండూ బతికాయి. కానీ పాము ఇంకా తిరుగుతున్న ఆ అడవిలోకి వాటిని వదలడానికి లేదు.