ఆరోగ్య నిర్వచనం: ఓడలరేవు నుంచి ఒక వ్యాఖ్యానం

మూలం

ప్రపంచ ఆరోగ్య సంస్థ రాజ్యాంగం మీద 1946 జులై 22న న్యూయార్కులో 61 దేశాల ప్రతినిధులు సంతకాలు చేశారు. 1948 ఏప్రిల్ 7న అది అమల్లోకి వచ్చింది. పీఠికలో దాని నిర్వచనం సారాంశం ఇది: శరీరం, మనసు, సంఘజీవనం మూడింటా సంపూర్ణ క్షేమమే ఆరోగ్యం, రోగమో వైకల్యమో లేనంత మాత్రాన ఆరోగ్యం ఉన్నట్టు కాదు. 1986 నవంబరు 21న కెనడాలోని ఒట్టావాలో వెలువడిన ప్రకటన దీనికి ఆచరణ చెప్పింది. జనం తమ ఆరోగ్యం మీద అదుపు పెంచుకుని, దాన్ని తామే మెరుగుపరచుకునేలా చేయడం ఆరోగ్య ప్రోత్సాహం అంది. కోనసీమలోని అల్లవరం మండలంలో, వైనతేయ గోదావరి సముద్రంలో కలిసేచోట ఉన్న ఓడలరేవులో ఈ మాటలకు అర్థమేమిటో చూద్దాం.

రోగం లేనంత మాత్రాన

కోనసీమకు బోదకాలు పాత శత్రువు. దాన్ని కలిగించే క్రిమిని మోసే క్యూలెక్స్ దోమ మురుగులో పెరుగుతుంది. సూక్ష్మ క్రిములు రాత్రిపూట రక్తంలో తిరుగుతాయి కనుకనే ఆరోగ్య సిబ్బంది చీకటిపడ్డాక వచ్చి వేలిమీద రక్తపు చుక్క తీసుకునేవారు. క్రిమి ఒంట్లో ఉన్నా ఏళ్ల తరబడి కాలు వాయకపోవచ్చు. అంటే రోగిలా కనబడని మనిషి కూడా ఊరికి రోగం పంచుతుండవచ్చు. 2000లో ప్రపంచ స్థాయిలో నిర్మూలన కార్యక్రమం మొదలయ్యాక, 2004 నుంచి మన దేశంలోనూ డీఈసీ మాత్రలు ఊరందరి చేతా మింగించే పద్ధతి వచ్చింది. తర్వాత వాటికి ఆల్బెండజోల్ తోడైంది. “నాకేం జబ్బుందని మింగాలి?” అని గుమ్మంలో అడిగే ప్రశ్నకు నిర్వచనంలోని ఈ భాగమే జవాబు.

మనసు

1996 నవంబరు 6 రాత్రి తుఫాను కోనసీమను ఊడ్చేసింది. వెయ్యిమందికి పైగా చనిపోయారు. వేటకెళ్లిన మత్స్యకారులు ఎందరో తిరిగి రాలేదు. శవం దొరకని చావుకు కర్మకాండ ఎప్పుడు చేయాలో, ఆశ ఎప్పుడు వదలాలో ఇంట్లోవాళ్లకు తెలియదు. వాళ్లకు బీపీ చూసి, జ్వరం లేదని రాసుకుంటే లెక్క సరిపోదు. వేటకు వెళ్లవద్దనే హెచ్చరిక పడవదాకా సమయానికి చేరడం, తుఫాను షెల్టరు తలుపు తెరిచి ఉండడం మనసుకు ముందుగా చేసే వైద్యం.

సంఘజీవనం

ఈ పదాన్ని చాలామంది దాటేస్తారు. తీరంలో మాత్రం దీని బరువే ఎక్కువ. ఒకరి పొలంలో రొయ్యల చెరువు తవ్వితే ఉప్పు పక్కవాడి వరి మడిలోకీ, నూతిలోకీ ఊరుతుంది. చెరువు యజమానికి ఆదాయం పెరిగితే పక్కింటి ఆడవాళ్లకు మంచినీళ్ల మోత పెరుగుతుంది. ఇద్దరూ ఆసుపత్రిలో కనబడరు. అయినా క్షేమం ఒక ఇంటినుంచి ఇంకో ఇంటికి చేతులు మారింది. ఒట్టావా ప్రకటన ఆహారం, ఆదాయం, నిలకడైన పర్యావరణం, సామాజిక న్యాయం వంటివాటిని ఆరోగ్యానికి ముందస్తు అవసరాలుగా చెప్పింది ఇందుకే.

సంపూర్ణ

ఆక్షేపణ: సంపూర్ణ క్షేమం ఎవరికుంది? ఈ లెక్కన షుగరు ఉన్నవాళ్లు, వాచిన కాలుతోనే కొబ్బరి దింపు చూసుకునే పెద్దాయన ఎన్నటికీ అనారోగ్యవంతులేనా? 2011లో బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో మాక్టెల్ట్ హ్యూబర్ బృందం ఇదే అభ్యంతరం లేవనెత్తి, కష్టానికి తగ్గట్టు సర్దుకుని తన్ను తాను నిభాయించుకునే శక్తిని ఆరోగ్యంగా చూద్దామంది.

సమాధానం: పీఠికలో నిర్వచనం తర్వాతి వాక్యం చదవాలి. అందుకోగలిగిన అత్యున్నత స్థాయి ఆరోగ్యం ప్రతి మనిషికీ ప్రాథమిక హక్కు అంటుందది. సంపూర్ణత గమ్యం, అందుకోగలిగినంత హక్కు. రోజూ కాలు కడిగి, తుడిచి, పుండు పడకుండా చూసుకోవడం నేర్పితే ఆ పెద్దాయన తన హక్కు అందుకున్నట్టే. హ్యూబర్ సూచనలోనూ ఒక చిక్కుంది. సర్దుకోవడమే ఆరోగ్యమైతే, ఉప్పునీళ్లకు కూడా సర్దుకోమని చెప్పేవాళ్లు బయల్దేరతారు.

అదుపు

మొత్తం మూలంలో కీలకపదం ఇదే. 1995 జనవరిలో కోనసీమలోని పాశర్లపూడిలో గ్యాసు బావి ఎగదన్ని మండితే ఆర్పడానికి రెండు నెలలకు పైగా పట్టింది. 2014 జూన్ 27 తెల్లవారుజామున నగరం అనే ఊళ్లో గెయిల్ గ్యాసు పైపులైను పేలి నిద్రలో ఉన్నవాళ్లను కాల్చేసింది. ఓడలరేవులోనూ సముద్రపు బావుల గ్యాసు ఒడ్డుకు చేరే ఓఎన్‌జీసీ టెర్మినల్ ఉంది. మనిషి మాత్ర మింగగలడు, నీళ్లు కాచుకోగలడు, నడక నడవగలడు. మట్టికింది పైపు తుప్పును మాత్రం ఒక్కడూ చూసుకోలేడు. ఒట్టావా చెప్పిన అయిదు పనుల్లో వ్యక్తి నేర్పు ఒక్కటే. మిగతా నాలుగూ ఆరోగ్యం కోరే ప్రభుత్వ విధానం, అనుకూల పరిసరాలు, జనసమూహం చొరవ, వైద్యసేవల దారి మళ్లింపు. గోడమీద “చేతులు కడుక్కోండి” అని రాసి ఊరుకుంటే అయిదింటిలో ఒకటి చేసి, అదీ కుళాయిలో నీళ్లుంటేనే చేసినట్టు.

ప్రోత్సాహం

ఒట్టావా ప్రకటన ఆరోగ్య ప్రోత్సాహానికి మూడు మార్గాలు చెప్పింది: జనం పక్షాన మాట్లాడడం, వాళ్లకు శక్తి కలిగించడం, భిన్న ప్రయోజనాల మధ్య రాజీ కుదర్చడం. మొదటి రెండిటికి ఆశా కార్యకర్త, ఏఎన్ఎం ఉన్నారు. రొయ్యల రైతు, వరి రైతు, మత్స్యకారుడు, చమురు సంస్థ నలుగురినీ ఒకచోట కూర్చోబెట్టడం మాత్రం వాళ్ల వల్ల కాదు. ఆ పని పంచాయతీదీ, కలెక్టరుదీ.

తాత్పర్యం

ఈ నిర్వచనాన్ని నమ్మే ఊరు తన ఆరోగ్య ప్రణాళికలో ఎందరు మాత్రలు మింగారన్న లెక్క ఒక్కటే రాసుకోదు. నూతినీటి ఉప్పు పరీక్ష, పైపులైను తనిఖీ నివేదిక, తుఫాను షెల్టరు తాళంచెవి ఎవరి దగ్గరుందన్న వివరం కూడా అందులో ఉండాలి. గ్రామసభలో ఆ మూడింటినీ అడిగి తెలుసుకోగలిగితే ప్రకటన కోరిన అదుపు మొదలైనట్టు.