కేసు మారితే అధికారం పెరుగుతుందా?

మొన్న లంచ్ టైములో మా టీమ్‌లో ఒకతను అడిగాడు. "అన్నా, బాబు వాళ్ళమ్మతో డల్లాస్‌లో ఉన్నాడు. గార్డియన్‌షిప్ కేసు హైదరాబాదులో వేసి, కుదరకపోతే పై కోర్టుకి ట్రాన్స్‌ఫర్ చేయించుకోవచ్చుగా?"

నేను లాయర్ని కాదు. కానీ ఈ ప్రశ్నకి నూరేళ్ళ కిందటే మదనపల్లె వైపు తండ్రి ఒకాయన బాగా ఖరీదైన జవాబు తెచ్చుకున్నాడు. ఆ కథే చెప్పాను.

ఆయన జిడ్డు నారాయణయ్య. రెవెన్యూ శాఖలో రిటైరై, 1909లో పిల్లలతో అడయారు దివ్యజ్ఞాన సమాజానికి చేరారు. కొడుకు కృష్ణమూర్తిని కాబోయే జగద్గురువన్నారు అక్కడివాళ్ళు. 1910లో కృష్ణమూర్తి, నిత్యానంద ఇద్దరికీ సంరక్షకురాలిగా అనీబిసెంట్‌ని ఒప్పుకుంటూ నారాయణయ్య సంతకం పెట్టారు. 1912లో ఆవిడ పిల్లల్ని ఇంగ్లండు తీసుకెళ్ళారు. లెడ్‌బీటర్ సావాసం నచ్చని తండ్రి, నా పిల్లల్ని నాకిచ్చెయ్యమన్నారు. ఇవ్వలేదు.

దాంతో 1912 అక్టోబరులో చెంగల్పట్టు జిల్లా కోర్టులో దావా వేశారు. అది మద్రాసు హైకోర్టుకి బదిలీ అయింది. బిసెంట్ తన కేసు తనే వాదించుకున్నారు. 1913 ఏప్రిల్‌లో జస్టిస్ బేక్‌వెల్ పిల్లల్ని తండ్రికి అప్పగించమన్నారు. అప్పీలులోనూ తండ్రే గెలిచారు.

1914 మేలో లండన్‌లోని ప్రివీ కౌన్సిల్ మొత్తం కొట్టేసింది! 1890 నాటి గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం సెక్షన్ 9 ప్రకారం మైనరు మామూలుగా ఎక్కడ నివసిస్తుంటే ఆ జిల్లా కోర్టుకే అధికారం. పిల్లలు చదువుకుంటున్నది ఇంగ్లండులో. కాబట్టి చెంగల్పట్టుకి అధికారం లేదు. మరి హైకోర్టుకో? బదిలీ మీద వచ్చిన కేసులో జిల్లా కోర్టుకి ఎంత అధికారముందో హైకోర్టుకీ అంతే!

మన భాషలో చెప్పాలంటే ఫైల్‌ని పెద్ద సర్వర్‌కి మార్చారు, పర్మిషన్లు మాత్రం పాతవే :-)

ఇంకోమాట కూడా అంది కౌన్సిల్. తండ్రి హక్కు పవిత్రమైన బాధ్యతే, వేరేవాళ్ళకి అప్పగించినా వెనక్కి తీసుకోవచ్చు అని. అంటే అసలు విషయంలో ఆయన మాట నెగ్గింది, తలుపు తట్టిన కోర్టు దగ్గర ఓడిపోయారు. కావాలంటే ఇంగ్లండు హైకోర్టుకి వెళ్ళమన్నారు. అప్పటికే కృష్ణమూర్తికి 18 దాటాయి.

తీర్పు తప్పని నేననను. పిల్లలున్న చోటే వాళ్ళ బాగోగులు తెలుస్తాయి. కానీ పిల్లాణ్ణి సముద్రం దాటించినవాళ్ళే కోర్టునీ ఎంచుకున్నట్టవుతోంది కదా? నన్ను తొలిచేది అదే.

సెక్షన్ 9 ఇవాళ్టికీ ఉంది. విశాఖ నుంచి విజయవాడకి కేసు మార్చాలంటే సీపీసీ సెక్షన్ 24 కింద హైకోర్టు, హైదరాబాదు నుంచి బెంగుళూరుకైతే సెక్షన్ 25 కింద సుప్రీంకోర్టు చూస్తాయి. డల్లాస్‌కి అలాంటి దారి లేదు. విదేశీ కోర్టు ఆర్డరున్నా సరే, పిల్లల క్షేమమే ముందని 2017లో నిత్యా ఆనంద్ రాఘవన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

మావాడు అంతా విని, "అయితే ముందు డల్లాస్ లాయర్ని కలవాలన్నమాట" అన్నాడు. అవును. దానికంటే ముందు ఆ పిల్లాడికి ఓ ఫోన్ చెయ్యమన్నాను.