నీళ్లు చెక్కిన కొండలు

1773 జనవరి. దక్షిణ మహాసముద్రంలో కెప్టెన్ జేమ్స్ కుక్ ఓడలు రెండు, 'రిజల్యూషన్', 'అడ్వెంచర్', మంచుకొండల మధ్య దారి వెతుక్కుంటూ సాగుతున్నాయి. తొమ్మిదో తేదీన కుక్ పడవలు దింపించాడు. ఒక పెద్ద మంచుకొండ చుట్టూ తేలుతున్న ముక్కలను నావికులు ఏరి ఓడల మీదికి చేర్చారు. ముక్కలకు అంటిన ఉప్పునీరు కారిపోయాక వాటిని కాగుల్లో వేసి కరిగిస్తే దాదాపు 15 టన్నుల మంచినీళ్లు వచ్చాయి.

ఆ దృశ్యాన్ని అక్కడికక్కడే రంగుల్లోకి ఎక్కించిన మనిషి విలియం హాడ్జెస్. కుక్ రెండో యాత్రకు బ్రిటిష్ నౌకాదళం నియమించిన చిత్రకారుడు. అతని నీటిరంగుల చిత్రాలు ఇప్పుడు సిడ్నీలోని మిచెల్ గ్రంథాలయంలో ఉన్నాయి. వాటిలో కొండలు చిన్నవిగా కనిపించే ఓడల పక్కన వంకర శిఖరాలతో, కోసుకుపోయిన అంచులతో నిలబడి ఉంటాయి. ఇదే హాడ్జెస్ 1780లో మద్రాసులో దిగాడు. అది హైదర్ అలీ కర్నాటిక్ ప్రాంతం మీదికి దండెత్తిన ఏడాది. యుద్ధం వల్ల అతను పట్నం వదిలి లోపలికి పెద్దగా తిరగలేకపోయాడు. తర్వాత బెంగాల్ చేరి, వారన్ హేస్టింగ్స్ అండతో ఉత్తర భారతాన్ని చిత్రించాడు. దక్షిణపు మంచును దగ్గర నుంచి చూసి గీసిన తొలి చిత్రకారుల్లో ఒకడు, ఏడేళ్లకే కోరమాండల్ ఎండలో నిలబడ్డాడన్న సంగతి నన్నెప్పుడూ ఆశ్చర్యపరుస్తుంది.

కుక్‌ను వేధించిన ప్రశ్న వేరు. సముద్రపు నీరు గడ్డకట్టదని ఆనాటి పండితుల్లో చాలామంది నమ్మేవారు. మరి కనుచూపు మేరలో నేల ఆనవాలే లేని చోట ఈ మంచినీటి కొండలు ఎక్కడి నుంచి వస్తున్నాయి? జవాబులో సగం 1775 జనవరిలో దొరికింది. దక్షిణ జార్జియా దీవి తీరంలో మంచు గోడలు సముద్రం అంచున నిలబడి, ముక్కలు ముక్కలుగా విరిగి నీళ్లలో పడుతున్నాయి. అతను అక్కడ ఉండగానే ఒక పెద్ద గోడ ఫిరంగి పేలిన చప్పుడుతో కూలింది. ఇంత మంచును కనాలంటే ధ్రువం దగ్గర పెద్ద నేల ఉండి తీరాలని కుక్ తేల్చుకున్నాడు. ఆ నేలను అతను చూడలేదు. అంటార్కిటికా మనిషి కంట పడింది 1820లో. విరిగి తేలి వచ్చిన ముక్కలను చూసి ఒక ఖండం ఉనికిని పసిగట్టడం గొప్ప ఆలోచన. మంచుకొండ ఆకారానికి అర్థం ఉంటుందన్న చూపు అక్కడే మొదలైందని నేను అనుకుంటాను.

మంచుకొండ పుట్టేది నేల మీద. ఏళ్ల తరబడి కురిసిన మంచు తన బరువుకు తానే నొక్కుకుపోయి గట్టిపడి, హిమానీనదంగా మెల్లగా పల్లానికి జారుతుంది. సముద్రం చేరాక రెండు దారులున్నాయి. గ్రీన్‌లాండ్‌లో అది సాధారణంగా ఇరుకు లోయల గుండా, పగుళ్లతో చీలికలై వచ్చి నీళ్లలో పడుతుంది. అందుకే అక్కడి కొండలు చాలా వరకు పుట్టుకతోనే గతుకులు, కొమ్ములు. అంటార్కిటికాలో మంచు చాలాచోట్ల తీరం దాటి, నీళ్ల మీద తేలే విశాలమైన ఫలకంగా విస్తరిస్తుంది. ఆ ఫలకం అంచు విరిగితే వచ్చేది బల్లపరుపు కొండ: పైన చదును, పక్కల నిట్టనిలువు గోడలు. 2000 మార్చిలో రాస్ ఫలకం నుంచి విరిగిన బి-15 పొడవు సుమారు 295 కిలోమీటర్లు.

2018 అక్టోబరు 16న అంటార్కిటికా ద్వీపకల్పం మీదుగా నాసా 'ఆపరేషన్ ఐస్‌బ్రిడ్జ్' విమానం వెళుతోంది. లార్సెన్ సి మంచు ఫలకం దగ్గర శాస్త్రవేత్త జెరెమీ హార్బెక్ ఒక మంచుకొండను ఫొటో తీశాడు. స్కేలు పెట్టి కోసినట్టు అంచులు, ఇంచుమించు లంబకోణంలో మూలలు. ఆ ఫొటో ప్రపంచమంతా చుట్టివచ్చింది. ప్రకృతి ఇలా గీతలు గీస్తుందా, ఎవరైనా కోశారా అని జనం అడిగారు. ఉపగ్రహ చిత్రాలను వెనక్కి తిప్పి చూసిన నాసా బృందం, ఆ కొండ 2017 నవంబరులో ఆ ఫలకం నుంచే విడివడిందని, అదే ఏడాది జులైలో విరిగిన మహాకాయం ఎ-68కూ, బాడెన్ అనే మంచు మిట్టకూ మధ్య ఇరుక్కుని బయటపడిందని కనిపెట్టింది. అంటే దానికి ఏడాది కూడా నిండలేదు. పగులు తిన్నగా పారితే అంచూ తిన్నగానే ఉంటుంది. అలలు ఇంకా దాన్ని ముట్టుకోలేదు. మనకు అసహజంగా తోచిన ఆ ఆకారమే ఫలకం నుంచి పుట్టిన మంచుకొండకు అన్నిటికంటే సహజమైనది, పసితనపు ఆకారం. మనం సహజం అనుకునే శిఖరాలు, తోరణాలు, గుహలు వయసు పైబడ్డ కొద్దీ వచ్చేవి.

ఆ వయసును చెక్కేవి నీళ్లు. కొండలో దాదాపు తొమ్మిది వంతులు నీటి కింద, ఒక్క వంతే పైన ఉంటుంది. నీటిమట్టం దగ్గర అలలు పదేపదే కొట్టి, ఆ గీత వెంట మంచును లోపలికి తొలుస్తాయి. తొలిచిన కొద్దీ పైభాగం ఆధారం లేక కూలుతుంది. కింద మాత్రం మంచు ఒక పాదంలా ముందుకు పొడుచుకొచ్చి మిగులుతుంది. నీరు దాన్ని పైకి నెడుతూ ఉంటుంది కాబట్టి, ఆ ఒత్తిడికి కొండ అంచు వంగి ఒక్కోసారి పెద్ద ముక్కే విరిగిపోతుంది. బలహీనమైన చోట రెండు వైపుల నుంచీ గుహలు తొలుచుకుంటూ పోయి కలిస్తే తోరణం. మధ్యభాగం కరిగి అటూ ఇటూ రెండు గోపురాలు నిలిస్తే, నీళ్లు మధ్యలోకి వచ్చే ఆ ఆకారాన్ని నావికులు డ్రైడాక్ అంటారు. 1986లో ఫిల్ష్‌నర్ ఫలకం నుంచి విరిగి, మూడు దశాబ్దాలకు పైగా సముద్రపు అడుగుకు ఆనుకుని కదలకుండా ఉండిపోయిన ఎ-23ఎ, కదిలి ఉత్తరాన వెచ్చని నీళ్లలోకి వచ్చాక 2024 జనవరిలో దాని గోడల్లో ఇలాంటి గుహలూ తోరణాలూ ఫొటోలకు దొరికాయి.

ఇక్కడితో పని అయిపోదు. కరిగిన కొద్దీ బరువు ఒక పక్కకు మళ్లి కొండ ఒరుగుతుంది. ఎత్తుకు తగ్గ వెడల్పు తరిగిపోతే పల్టీ కొడుతుంది. అప్పుడు నిన్నటి నీటిగీత ఏటవాలుగా గాలిలోకి లేస్తుంది, అలలు కొత్త గీతను మొదలుపెడతాయి. కింద కరిగి నునుపెక్కిన భాగం గుండ్రటి గుంటలతో పైకి వస్తుంది. ఆ మంచులో యుగాల కిందట చిక్కుకున్న గాలి బుడగలు ఒత్తిడిలో ఉంటాయి. కరిగేటప్పుడు అవి గోలీసోడా కొట్టినట్టు చిటపటమంటాయి. దగ్గరికి వెళ్లిన పడవల వాళ్లకు ఆ చప్పుడు స్పష్టంగా వినిపిస్తుంది.

ఈ నీటిగీతల సంగతిని ఒక చిత్రకారుడు కూడా పట్టుకున్నాడు. అమెరికన్ ఫ్రెడరిక్ చర్చ్ 1859 వేసవిలో మిత్రుడు లూయీ లెగ్రాండ్ నోబుల్‌తో కలిసి న్యూఫౌండ్‌లాండ్, లాబ్రడార్ తీరాలకు వెళ్లాడు. చిన్న పడవలో కూర్చుని, కెరటాలకు ఊగుతూ, కొండల పక్కనే చిత్తు చిత్రాలు వేశాడు. వాటి నుంచి పుట్టినదే 1861 నాటి 'ది ఐస్‌బర్గ్స్'. వెడల్పు దాదాపు 2.85 మీటర్లు. అందులో వెనక మహా శిఖరం, ముందు మంచు మైదానం, ఒక పక్క గుహ. మంచు గోడల మీద పాత నీటిగీతలు కూడా ఉన్నాయి: ఇది ఇంతకు ముందు మరోలా తేలిందని, లేచిందని, ఒరిగిందని చెప్పే గుర్తులు. అందం కోసం వెళ్లినవాడు ఆ అందం వెనక జరిగిన పనిని కూడా గీశాడు. అందుకే ఆ చిత్రమంటే నాకు అపారమైన గౌరవం.

దాని అదృష్టం మాత్రం బాగాలేదు. న్యూయార్క్‌లో ప్రదర్శనకు పెట్టే సరికి అమెరికా అంతర్యుద్ధం మొదలై రెండు వారాలు కూడా కాలేదు. కొనేవారు రాలేదు. లండన్ ప్రదర్శనకు ముందు చర్చ్ విరిగిన ఓడ స్తంభం ఒకటి అందులో చేర్చాడు. మాంచెస్టర్‌కు చెందిన రైల్వే ప్రముఖుడు ఎడ్వర్డ్ వాట్కిన్ కొన్నాడు. తర్వాత అది లోకం కంటికి కనపడకుండా పోయింది. 1979లో ఆయన పాత ఇంట్లో బయటపడింది. అప్పటికి ఆ ఇల్లు బాలుర వసతిగృహంగా ఉంది. ఆ ఏడాదే వేలంలో 25 లక్షల డాలర్లు పలికి, అప్పటిదాకా ఏ అమెరికన్ చిత్రానికీ రాని ధర తెచ్చుకుంది. ఇప్పుడు డల్లాస్ మ్యూజియంలో ఉంది.

చర్చ్ తిరిగిన ఆ తీరంలోనే, 1905 జూన్‌లో సెయింట్ జాన్స్ రేవు బయట మేరీమాత రూపంలో ఒక మంచుకొండ కనిపించిందని నగరమంతా చెప్పుకుంది. అక్కడి ఆర్చిబిషప్ హౌలీ దాని మీద పద్యం రాశారు. ఏడేళ్లకు అదే దారిన దక్షిణానికి వచ్చిన మరో కొండ టైటానిక్‌ను ముంచి 1,500 మందికి పైగా ప్రాణాలు తీసింది. మర్నాడు 'ప్రింజ్ అడాల్‌బర్ట్' ఓడలోని ప్రధాన స్టీవార్డ్ ఒక కొండను ఫొటో తీశాడు, దాని అడుగున, ఓడ రాసుకుపోయినట్టు, ఎర్రరంగు చార ఉందని చెప్పాడు. ఆ విషాదం తర్వాత 1914లో అంతర్జాతీయ మంచు గస్తీ ఏర్పడింది. గస్తీ వాళ్లు కొండలను బల్లపరుపు, దిమ్మ, గుమ్మటం, శిఖరం, చీలిక, డ్రైడాక్ అని ఆకారాన్ని బట్టి రాసుకుంటారు. ఆ పేర్లతో వాళ్లకు ప్రాణావసరం ఉంది. పైనున్న భాగాన్ని గాలి తోస్తుంది, కిందిదాన్ని ప్రవాహం లాగుతుంది, కాబట్టి ఆకారం తెలిస్తేనే కొండ ఎటు పోతుందో అంచనా వేయగలరు. 2018 జులైలో గ్రీన్‌లాండ్‌లోని ఇన్నార్‌సూట్ పల్లె ముందు సుమారు 100 మీటర్ల ఎత్తు కొండ వచ్చి ఆగితే, అది విరిగి లేపే అల ఊరిని ముంచుతుందన్న భయంతో తీరం దగ్గరి ఇళ్లను ఖాళీ చేయించారు.

రంగుకూ ఇలాంటి చరిత్రే ఉంది. బుడగలు ఎక్కువున్న మంచు తెలుపు, బుడగలు తక్కువగా ఉన్నది నీలం. పచ్చగా ఉండే మంచుకొండలు మాత్రం ఎంతో కాలం చిక్కుముడి. వాషింగ్టన్ విశ్వవిద్యాలయ శాస్త్రవేత్త స్టీఫెన్ వారన్ 1988లో ఆస్ట్రేలియా యాత్రతో వెళ్లి, తూర్పు అంటార్కిటికాలోని ఏమరీ ఫలకం పరిసరాల్లో వాటిని దగ్గరగా చూశారు. మన దేశపు 'భారతి' కేంద్రం ఉన్న ప్రిడ్జ్ అఖాతం తీరంలోనే ఈ ఫలకం సముద్రాన్ని కలుస్తుంది. పచ్చదనం ఫలకం పైమంచుది కాదు. ఫలకం అడుగున సముద్రపు నీరే గడ్డకట్టి అంటుకున్న పొరది, కొండ పల్టీ కొడితే తప్ప అది బయటికి రాదు. ఆ రంగు నీళ్లలో కరిగిన జీవ పదార్థం వల్ల వస్తుందని వారన్ మొదట అనుకున్నారు. అదే పదార్థం నీలి మంచులోనూ ఉందని తేలడంతో ఆ మాట నిలవలేదు. తర్వాత ఏమరీ అడుగు మంచులో, పైమంచుతో పోలిస్తే దాదాపు 500 రెట్లు ఇనుము దొరికింది. హిమానీనదం కింద నలిగిన రాతిపొడి నుంచి వచ్చిన ఇనుప ఆక్సైడే ఆ పచ్చదనం ఇస్తోందని వారన్ బృందం 2019లో ప్రతిపాదించింది. అది నిజమైతే ఈ కొండలు నేల మీది ఇనుమును మోసుకెళ్లి, ఇనుము కొరతతో ఉన్న దక్షిణ సముద్రంలో కరుగుతూ అక్కడి సూక్ష్మ వృక్షజాలానికి పోషణ అందిస్తున్నట్టే. దాన్ని తేల్చడానికి పచ్చ మంచుకొండల నుంచే నమూనాలు తీసి ఇనుము కొలవాలి.