వెబ్ భాషకు వ్యాకరణం రాసిందెవరు?

వ్యాకరణం ముందా, వాడుక ముందా అన్న తగాదా మనకు కొత్త కాదు. గ్రాంథిక వ్యావహారిక వాదాలను మన విద్యార్థులు ఇప్పటికీ పరీక్షల కోసం కంఠస్థం చేస్తూనే ఉన్నారు. అదే తగాదా కంప్యూటర్ తెరమీద మరో రూపంలో జరిగింది. దాన్ని ఇంజనీర్ల ఇంటిగొడవగా సాహిత్యకారులు వదిలేయడం సరికాదు. మన కథలూ, పత్రికలూ వెబ్ మీదికి చేరుతున్నాయి. వాటిని చూపించే భాషల నియమాలు ఎవరి చేతిలో ఉన్నాయన్నది మన ప్రశ్న కూడా.

1995 మే నెలలో అమెరికాలోని నెట్‌స్కేప్ కంపెనీలో బ్రెండన్ ఐక్ సుమారు పది రోజుల్లో ఒక స్క్రిప్టు భాషకు తొలిరూపం ఇచ్చాడు. నిశ్చలంగా ఉండే పేజీకి చలనం తేవడం దాని పని. ముందు మోకా, తర్వాత లైవ్‌స్క్రిప్ట్, డిసెంబరుకల్లా జావాస్క్రిప్ట్. జావా అప్పటి సంతలో గిరాకీ ఉన్న పేరు గనుక తగిలించారే తప్ప ఆ రెంటికీ చుట్టరికం స్వల్పం. 1996లో మైక్రోసాఫ్ట్ జెస్క్రిప్ట్ అని సొంత నకలు తయారుచేసింది. ఒక బ్రౌజర్ కోసం రాసిన పేజీ మరోదాంట్లో తడబడసాగింది. నెట్‌స్కేప్ తన భాషను జెనీవాలోని ఎక్మా అనే ప్రమాణాల సంస్థ ముందు పెట్టింది. 1997 జూన్‌లో తొలి ప్రమాణం వెలువడింది. జావాస్క్రిప్ట్ పేరుమీద వ్యాపారహక్కు సన్ కంపెనీది కావడంతో ప్రమాణంలో భాష పేరు ఎక్మాస్క్రిప్ట్ అయింది. అందరూ పిలిచే పేరు వ్యాకరణ గ్రంథం అట్టమీద లేదు!

తొలిరూపంలో దొర్లిన తప్పులు నేటికీ ఉన్నాయి. 'ఏమీ లేదు' అని సూచించే 'నల్' ఏ జాతిదని అడిగితే ఆ భాష 'ఆబ్జెక్ట్', అంటే వస్తువు అని జవాబిస్తుంది. దిద్దుదామన్న ప్రతిపాదన వచ్చింది, నిలవలేదు. ఆ తప్పును నమ్ముకుని రాసిన పేజీలు అప్పటికే ఎన్నో. 2018లో ఒక కొత్త సౌకర్యానికి 'ఫ్లాటెన్' అని పేరు పెట్టబోతే, మూటూల్స్ అనే పాత లైబ్రరీ మీద ఆధారపడ్డ పేజీలు చెడిపోతాయని తేలింది. చివరకు 'ఫ్లాట్' అన్నారు. మన పండితులైతే ఆర్షప్రయోగమని సరిపెట్టుకునేవారు.

అసలు పోరు పేజీ నిర్మాణానికి వాడే హెచ్.టి.ఎం.ఎల్. దగ్గర జరిగింది. టిమ్ బెర్నర్స్-లీ 1994లో స్థాపించిన వరల్డ్ వైడ్ వెబ్ కన్సార్షియం 2000లో ఎక్స్.హెచ్.టి.ఎం.ఎల్. అనే శుద్ధరూపాన్ని ప్రకటించింది. దాన్ని నియమం తప్పకుండా చదివే బ్రౌజర్, ఒక్క గుర్తు మూయడం మరచినా పేజీకి బదులు దోషసూచన చూపాలి. అరసున్న తప్పితే కాగితం చింపేసే పంతులు గుర్తొస్తాడు. జనం అట్లా రాయలేదు. ఉన్న భాషనే పెంచుదామని 2004 జూన్‌లో మొజిల్లా, ఒపేరా సంస్థలు ప్రతిపాదిస్తే, కన్సార్షియం సమావేశం 14-8 ఓట్లతో తోసిపుచ్చింది. అవి ఆపిల్ వారితో కలిసి వాట్ డబ్ల్యు.జి. అనే వేరుకుంపటి పెట్టాయి. తప్పుల పేజీలను బ్రౌజర్లు ఎలా చదువుతున్నాయో పరిశీలించి, తప్పును సైతం అన్నీ ఒకేవిధంగా చదివేలా నియమం రాయడం వీరి పద్ధతి. పాతదారి ఫలించలేదని 2006లో బెర్నర్స్-లీయే అన్నాడు. 2009లో శుద్ధరూపం రెండో కూర్పును విరమించుకుంటున్నట్టు ప్రకటించారు.

దీన్ని వాడుకభాష విజయంగా కీర్తించేవారున్నారు. అది సగం నిజమే. గిడుగు వాదించిన వాడుక శిష్టులదేనని మనలో కొందరు విమర్శించారు. ఇక్కడి శిష్టులు మరీ కొద్దిమంది. జనం వాడుక పాత తప్పును కాపాడగలిగింది గాని, కొత్త నియమం నిలవాలంటే బ్రౌజర్ తయారీదారు ఒప్పుకోవాలి. ముసాయిదాలు బహిరంగమే, ఎవరైనా అభ్యంతరం రాయవచ్చు. 2019 మేలో కన్సార్షియం హెచ్.టి.ఎం.ఎల్. ప్రమాణ రచనను వాట్ డబ్ల్యు.జి.కే వదిలేస్తూ ఒప్పందం చేసుకుంది. దాని నిర్వాహక బృందంలో ఉన్నవి నాలుగే సంస్థలు: ఆపిల్, గూగుల్, మైక్రోసాఫ్ట్, మొజిల్లా. వీటిలో లాభాపేక్షలేని ఫౌండేషన్ కింద నడిచేది మొజిల్లా ఒక్కటే. దాని రాబడిలో పెద్దభాగం, బ్రౌజర్‌లో వెతుకులాటకు గూగుల్‌నే ముందుంచినందుకు గూగుల్ చెల్లించే సొమ్ము.