నిప్పును ఆర్పి, తలుపును తెరచి – బండి ఇంటి ఫ్రిజ్జు చరిత్ర

చల్లదనం కావాలంటే నిప్పు రాజేయాలని ఎవరైనా చెబితే మనవాళ్ళు వేళాకోళం అనుకుంటారు. కానీ ఉత్తర అమెరికాలో సెలవులకు జనం వెంట లాక్కుపోయే చక్రాల ఇళ్ళలో, అంటే క్యాంపర్లలో, దశాబ్దాలుగా ఉంటూ వచ్చిన ఫ్రిజ్జు అక్షరాలా నిప్పు మీదనే పనిచేస్తుంది. దాని వెనుక గూటిలో చిటికెన వేలంత నీలిమంట వెలుగుతూ ఉంటుంది. ముందు అరలో పాలూ పెరుగూ చల్లగా ఉంటాయి. మోటారు లేదు, కదిలే భాగం లేదు, చప్పుడు లేదు. కరెంటు దొరికే చోట అదే యంత్రం మంటకు బదులు విద్యుత్తుతో వేడెక్కుతుంది. చల్లబరిచే పద్ధతి మాత్రం మారదు.

ఏటా చలి ముదరకముందే మా క్యాంపరును మూసి షెడ్డులో పెట్టడం నా పని. అందులో ఫ్రిజ్జుకు సంబంధించిన జాగ్రత్తలు ఆరేడు వాక్యాలకు మించవు. మంట ఆర్పాలి. సిలిండరు దగ్గర గ్యాసు కట్టాలి. బ్యాటరీ తీగ విప్పాలి. మంచు దానంతట అదే కరిగేదాకా ఆగాలి, కత్తితో గీకకూడదు. లోపల తుడిచి ఆరబెట్టాలి. తలుపు ఓరవాకిలిగా ఉంచాలి. చదవడానికి ఇవి వంటింటి చిట్కాల్లా కనిపిస్తాయి. అయితే ఒక్కొక్కటి ఎందుకు వచ్చిందని తవ్వుకుంటూ పోతే వాటి కింద కొంత విజ్ఞానశాస్త్రం, కొంత వ్యాపారం, చాలా విషాదం కనిపించాయి. ఆ తవ్వకంలో దొరికినవాటిని చదువరుల ముందు పెట్టడమే ఈ టపా ఉద్దేశం.

ముందుగా ఆ మంట సంగతి. అమ్మోనియాకు నీటితో విపరీతమైన మైత్రి. చల్లని నీరు తన పరిమాణానికి కొన్ని వందల రెట్ల అమ్మోనియా వాయువును పీల్చుకుంటుంది. వేడిచేస్తే తిరిగి వదిలేస్తుంది. ఈ గుణాన్ని ఆధారం చేసుకొని ఫ్రాన్సులో ఫెర్డినాండ్ కార్రే 1859లో మంచుగడ్డలు తయారుచేసే యంత్రాన్ని నిర్మించాడు. 1862 లండను ప్రదర్శనలో దాన్ని చూసి జనం విస్తుపోయారు. అప్పటిదాకా మంచుగడ్డ అంటే శీతదేశాల చెరువుల్లో కోసి తెచ్చే సరుకు. 1833లో బోస్టను నుండి కలకత్తాకు ఓడలో మంచు దిగింది. మద్రాసు సముద్రతీరంలో ఈనాడు వివేకానంద భవనంగా ఉన్న కట్టడం ఒకప్పుడు ఆ మంచును దాచిన ఐస్ హౌస్. నిప్పుతో మంచును చేయగలిగిన కార్రే ఆ వ్యాపారానికి ఎసరు పెట్టినవారిలో ఒకడు. అయితే ఎడతెగకుండా పనిచేసే అతని యంత్రానికి ద్రావణాన్ని పైకి తోడే పంపు కావాలి. అది ఇంట్లో పెట్టుకొనే వస్తువు కాదు.

ఆ పంపును తొలగించినవారు స్టాక్‌హోమ్ సాంకేతిక విశ్వవిద్యాలయంలో చదువుకుంటున్న ఇద్దరు కుర్రవాళ్ళు: బాల్ట్సార్ ఫాన్ ప్లాటెన్, కార్ల్ మున్టెర్స్. 1922లో వారికి తట్టిన ఉపాయం చాలా అందమైనది. గొట్టాల్లోకి అమ్మోనియా, నీరు మాత్రమే కాక మూడవదిగా ఉదజనిని, అంటే హైడ్రోజన్ వాయువును, కూడా ఎక్కించి శాశ్వతంగా సీలు వేశారు. దండెం మీది తడిబట్ట ఆరడానికి నీరు మరగనక్కరలేదు కదా. చుట్టూ పొడిగాలి ఉంటే చాలు, తేమ అందులో కలిసిపోతుంది. మట్టికుండలో నీరు చల్లబడేదీ ఈ కారణం చేతనే. ఫ్రిజ్జులో తడిబట్ట స్థానంలో ద్రవ అమ్మోనియా, పొడిగాలి స్థానంలో ఉదజని. లోపలి మొత్తం పీడనం అంతటా ఒకటే అయినా ఉదజని ఉన్నచోట అమ్మోనియా వంతు పీడనం తక్కువ గనుక అది ఆవిరైపోతూ చుట్టూ ఉన్న వేడిని లాగేసుకుంటుంది. ఆ ఆవిరిని నీరు పీల్చుకుంటుంది. కింద ఉన్న మంట ఆ నీటిని మరిగించి అమ్మోనియాను మళ్ళీ విడదీస్తుంది. అన్నం ఎసరులో బుడగలు నీటిని పైకి ఎగదోసినట్లు, ఆ మరుగుడు బుడగలే ద్రావణాన్ని సన్నని గొట్టంలో పైకెత్తుతాయి. పంపు చేయవలసిన పని మంటే చేసేస్తుంది. మిగతా ప్రయాణమంతా గురుత్వాకర్షణ మీదనే.

1925లో ఎలెక్ట్రోలక్స్ సంస్థ ఈ ఆవిష్కరణను చేజిక్కించుకుంది. కరెంటు చేరని పల్లెలకూ, వైద్యశాలలకూ కిరసనాయిలు దీపంతో నడిచే ఫ్రిజ్జులు చేరాయి. టీకామందులు చెడిపోకుండా మారుమూలలకు చేర్చడంలో ఈ జాతి యంత్రాలు చేసిన సేవ చిన్నది కాదు. అదే కుదురు నుండి క్యాంపర్ ఫ్రిజ్జులు పుట్టాయి. ఎలెక్ట్రోలక్స్ కుటుంబంలోనే పెరిగి 2001లో విడిపోయిన డొమెటిక్ పేరు ఈ బండ్లు వాడేవారందరికీ తెలిసినదే.

ఆ కాలంలో మంచిదైన ఫ్రిజ్జు అంటే చంపని ఫ్రిజ్జు అని అర్థం. మోటారు ఫ్రిజ్జుల్లో అప్పట్లో సల్ఫర్ డయాక్సైడు, మిథైల్ క్లోరైడు వంటి విషవాయువులు వాడేవారు. కదిలే భాగాలుంటే సీళ్ళు అరుగుతాయి. సీళ్ళు అరిగితే వాయువు కారుతుంది. బెర్లినులో ఒక కుటుంబం అలా కారిన వాయువుకు నిద్రలోనే బలైన వార్త చదివి ఐన్‌స్టయిన్ చలించిపోయాడని చెబుతారు. ఆయన, యువ భౌతికశాస్త్రవేత్త లియో జిలార్డ్ కలిసి కదిలే భాగాలు లేని ఫ్రిజ్జుల మీద కొన్నేళ్ళు శ్రమించారు. వారికి అమెరికా పేటెంటు 1930 నవంబరు 11న వచ్చింది. అదే ఏడాది విషం కాని, మండని ఫ్రియాన్‌ను ప్రకటించడంతో లోకం మోటారు ఫ్రిజ్జుల వైపు మళ్ళింది. ఆ ఫ్రియాన్ జాతి ఓజోను పొరను తినేస్తుందని 1974లో తేలడం, 1987లో మాంట్రియల్ ఒప్పందం కుదరడం తరువాతి కథ.

ఇక మంట ఆర్పమనే సూత్రానికి వద్దాం. మంట ఉన్నచోట గాలి చాలకపోతే కార్బన్ మోనాక్సైడు పుడుతుంది. దానికి రంగు లేదు, వాసన లేదు. అమెరికాలో ఇండియానా రాష్ట్రపు ఎవాన్స్‌విల్‌లో సర్వెల్ అనే సంస్థ ప్లాటెన్, మున్టెర్స్ పద్ధతిలో గ్యాసు ఫ్రిజ్జులను విరివిగా తయారుచేసింది. 1933 నుండి 1957 దాకా తయారైన ఆ ఫ్రిజ్జులు అడవి గుడిసెల్లో, వేసవి విడుదుల్లో ఎంతో కాలం నిలిచాయి. మసి పట్టిన బర్నరుతో, మూసుకుపోయిన పొగదారితో అవి ప్రాణాలు తీశాయి. వాటిని వాడవద్దని అమెరికా వినియోగదారుల భద్రతా సంఘం పలుమార్లు హెచ్చరించవలసి వచ్చింది. నేటి క్యాంపర్లలో మంట గూటిని గది నుండి వేరుచేసి, దాని గాలీ పొగా బయటికే పోయేట్లు కడుతున్నారంటే ఆ అనుభవమే కారణం. షెడ్డులో పెట్టినప్పుడు పురుగులు దూరకుండా బయటి కిటికీలకు మూతలు వేసేవారున్నారు. ఆ మూతలు తీయకుండా వసంతంలో మంట వెలిగిస్తే పాత గుడిసె చరిత్రే పునరావృతమవుతుంది.

మంట ఆర్పితే సరిపోదా, సిలిండరు దగ్గర కూడా ఎందుకు కట్టాలి? ప్రొపేన్ గాలికంటే బరువైనది. కారితే పైకి తేలిపోక నేలబారున, మూలల్లో పేరుకుంటుంది. మూసి ఉంచిన బండిలో నెలల తరబడి సన్నగా కారినా పోవడానికి దారి ఉండదు. ప్రొపేన్‌కు స్వతహాగా వాసన లేదు. మనకు తెలిసిన ఆ కుళ్ళిన కంపు మెర్కాప్టన్ అనే పదార్థానిది, కావాలని కలుపుతారు. అలా కలపడం తప్పనిసరి కావడానికి వెనుక టెక్సస్‌లో న్యూ లండన్ అనే ఊరి పాఠశాల ఉంది. 1937 మార్చి 18న ఆ బడి కింద వాసన లేని సహజవాయువు ఎవరికీ తెలియకుండా పేరుకొని, ఒక్క నిప్పురవ్వకు పేలిపోయింది. సుమారు 300 మంది చనిపోయారు, ఎక్కువమంది పిల్లలే. ఆ తరువాతనే వాయువుకు వాసన కలపాలన్న చట్టాలు వచ్చాయి. హైదరాబాదులోనైనా అమలాపురంలోనైనా గ్యాసుబండ కారినప్పుడు మనల్ని వంటింట్లోకి పరుగెత్తించే వాసన ఆ కుటుంబానిదే.

గొట్టాల్లో ఉన్న అమ్మోనియా ద్రావణం సంగతి వేరు. దాన్ని ఎవరూ తీయనక్కరలేదు, తీయకూడదు కూడా. నీటిగొట్టాల మాదిరిగా అది ఇక్కడి చలికి గడ్డకట్టదు. తుప్పు పట్టకుండా అందులో సోడియం క్రోమేటు కలుపుతారు. వెనుక గొట్టాల మీద పసుపుపచ్చ పొడి కనిపించినా, ముక్కు పగిలే ఘాటు తగిలినా ఎక్కడో చిల్లి పడిందని అర్థం. ఇక ఆ ఫ్రిజ్జును వెలిగించకూడదు. మంచును కత్తితో గీకవద్దనడం గొట్టానికి గాయం కాకూడదనే. బండి వాలుగా ఉన్నప్పుడు ఫ్రిజ్జును నడపవద్దనడమూ ఇటువంటి జాగ్రత్తే. అంతా గురుత్వాకర్షణ మీద నడిచే యంత్రం కదా. వాలులో ద్రవం ఎక్కడో నిలిచిపోతే మరిగే గొట్టం ఎండి మాడిపోతుంది. 2006లో డొమెటిక్ తొమ్మిది లక్షలకు పైగా ఫ్రిజ్జులను వెనక్కి పిలవవలసి వచ్చింది. ఆ గొట్టంలో పగులు వస్తే నిప్పంటుకొనే ప్రమాదం ఉందని తేలింది. కదిలే భాగాలు లేని యంత్రానికి కూడా అలసట ఉంటుందన్నమాట.

చివరిది తలుపు. తలుపు బిగించి వదిలితే లోపలి తేమకు బూజు పట్టి, ఎన్నిసార్లు తుడిచినా పోని కంపు మిగులుతుంది. అందుకే ఓరగా తెరచి ఉంచాలంటారు. బండి కుదుపులకు తెరుచుకోకుండా ఈ తలుపులకు కొక్కెం ఉంటుంది. చాలా తయారీల్లో తలుపును కొంచెం తెరిచి నిలిపేందుకు కూడా ఏర్పాటు ఉంటుంది.

అయితే ఫ్రిజ్జు తలుపుకు బూజు కన్నా ఘోరమైన చరిత్ర ఉంది. ఒకప్పటి ఫ్రిజ్జు తలుపు బయటి పిడి తిప్పితే తప్ప తెరుచుకొనేది కాదు. పాతబడి పెరట్లో పారేసిన ఫ్రిజ్జుల్లో దాగుడుమూతలాడే పిల్లలు దూరేవారు. తలుపు గాలి చొరకుండా మూసుకొనేది. మందపాటి గోడలు కేకను బయటికి పోనిచ్చేవి కావు. 1956 ఆగస్టు 2న అమెరికాలో ఫ్రిజ్జు భద్రతా చట్టం వచ్చింది. 1958 అక్టోబరు 30 తరువాత తయారైన ప్రతి ఇంటి ఫ్రిజ్జు తలుపూ లోపలినుండి తెరుచుకోవాలి. ఎంత బలంతో తోస్తే తెరుచుకోవాలో తేల్చడానికి రెండు నుండి ఐదేళ్ళ వయసున్న 201 మంది పిల్లలతో, పెద్దలు కనిపెట్టి చూస్తుండగా, నమూనా గదిలో పరీక్షలు జరిపారు. ఫలితాలు 1958లో వైద్యపత్రికలో వెలువడ్డాయి. పిల్లల్లో 24 శాతం మంది బయటపడటానికి దాదాపు ఏ ప్రయత్నమూ చేయలేదు. ఐదేళ్ళవారిలో సగం మంది కేకైనా వేయలేదు. చదివిన తరువాత నన్ను చాలాసేపు కదలనివ్వని వాక్యాలివి. ఆపదలో ఉన్న బిడ్డ అరుస్తుందనీ, మనం విని పరుగెత్తవచ్చుననీ పెద్దలం నమ్ముకుంటాం. ఆ నమ్మకం సగమే నిజం.

ఇంటి ఫ్రిజ్జుల్లో అయస్కాంతపు రబ్బరు పట్టీలు ఆ పిడికి బదులుగా వచ్చాయి. ఈనాడు మనం మునివేళ్ళతో లాగి తెరిచే తలుపు ఆ పిల్లల చలవే. బండి ఫ్రిజ్జుకు మాత్రం ప్రయాణం కోసం కొక్కెం తప్పదు. కాబట్టి దాని తలుపును ఓరగా నిలిపి, బండి తలుపుకు తాళం వేయడం రెండూ ఒకే పనిగా చేయాలి. ఒకటి బూజు రాకుండా, రెండవది పిల్లలు రాకుండా.

ఇటీవల కొత్త క్యాంపర్లలో 12 వోల్టుల మోటారు ఫ్రిజ్జులు వేగంగా వస్తున్నాయి. నీలిమంట కాలం నెమ్మదిగా సాగనంపులోకి చేరుతున్నట్లే ఉంది. అప్పుడు పాత యంత్రాలు ఎక్కడికి పోతాయన్నది అసలు ప్రశ్న. అమెరికాలో పెరట్లోకి, మన ఊళ్ళలో పాత ఇనప సామాను కొట్టుకు. ఏ దేశమైనా, ఏ తరహా ఫ్రిజ్జయినా, పారేసే ముందు తలుపును ఊడదీయించండి. నాలుగు మరలు విప్పే పని, పది నిమిషాలు పట్టదు.