కజ్జికాయ మడత, సమోసా కథ

సాయంత్రం మీ ఇంట్లో చిన్న పార్టీ అనుకోండి. పుట్టినరోజో, పెళ్ళిరోజో, అబ్బాయికి ఉద్యోగం వచ్చిన సంతోషమో. ఇరవై ముప్ఫై మంది వస్తారు. భోజనానికి ముందు చేతికి ఏదో ఒకటి అందించాలి. అది చిన్నదిగా ఉండాలి, రెండు కొరుకుల్లో అయిపోవాలి, పట్టుచీర మీద రాలకూడదు, చెంచా అక్కర్లేకుండా ఉండాలి. ఇంతవరకూ ఆలోచించి మనం చేసేదేమిటి? బేకరీకి ఫోను చేసి, "చిన్న సమోసాలు వంద, కర్రీపఫ్‌లు యాభై" అని చెప్పేస్తాం. అందులో తప్పేమీ లేదు. పండగైనా పబ్బమైనా పొయ్యి ముందు నిలబడేది మనమే కదా, ఒక్కపూట తప్పించుకుంటే ఎవరి సొమ్మేం పోయింది! అయితే ఆ అట్టపెట్టె విప్పి ప్లేట్లలో సర్దుతూ, "ఇవి మన వంటలు కావులెండి, ఇంగ్లీషువాళ్ళ పద్ధతి" అని ఒక మాట అనేస్తూ ఉంటాం. ఆ మాట దగ్గరే నాకు పేచీ.

ముందు సమోసా పుట్టిల్లు చూద్దాం. పర్షియావారు, అరబ్బులు దీన్ని సంబూసక్, సంబూసజ్ అని పిలిచేవారు. తొమ్మిదో శతాబ్దం నాటికే దీన్ని పొగుడుతూ పద్యం కట్టిన ఆస్థాన కవి ఉన్నాడు. 1226లో అల్ బాగ్దాదీ అనే ఆయన రాసిన వంటల పుస్తకంలో దీని తయారీ కూడా ఉంది. పల్చని రొట్టెను పట్టీలుగా కోసి, లోపల వేయించిన మాంసం పెట్టి, ముక్కోణంగా మడిచి, అంచు పిండితో అతికించి, నువ్వుల నూనెలో వేయించాలట. చూశారా, నువ్వుల నూనె! మనం ఈవేళ చేసే పద్ధతికీ దానికీ పెద్ద తేడా ఏముంది? వర్తకులతోనూ, సైన్యాలతోనూ నడిచి నడిచి ఆ మడత ఢిల్లీ చేరింది.

ఢిల్లీలో దాన్ని తిన్నవాళ్ళలో మనకు బాగా సంబంధం ఉన్న మనిషి ఒకడున్నాడు. 1323లో ఓరుగల్లు కోటను పట్టుకుని, కాకతీయ ప్రతాపరుద్రుణ్ణి ఓడించిన ఉలుగ్ ఖాను పేరు చిన్నప్పుడు పాఠాల్లో చదువుకున్నాం. ఆ తరవాత ఆయనే మహమ్మద్ బిన్ తుగ్లక్ అనే పేరుతో సుల్తాను అయ్యాడు. 1334లో ఆయన కొలువుకు మొరాకో దేశపు యాత్రికుడు ఇబన్ బటూటా వచ్చాడు. అక్కడి విందులో ఏ వంటకం తరవాత ఏది వడ్డించారో వరసగా రాసిపెట్టాడు, మహానుభావుడు. సన్నగా తరిగిన మాంసంలో బాదం, పిస్తా, అక్రోటు, ఉల్లి, మసాలా కలిపి పల్చని రొట్టెలో చుట్టి నేతిలో వేయించినవి ఒక్కొక్కరి ముందు నాలుగైదు పెట్టారట. ఆ తరవాతే నేతి అన్నం, కోడికూర వచ్చాయట. అంటే అన్నానికి ముందు మనిషికి నాలుగైదు చొప్పున! మన పార్టీ లెక్క కూడా ఇంచుమించు అంతే కదా.

ఇహ నాకు అన్నిటికంటె ఇష్టమైన ఘట్టం మాళవ దేశంలో, మాండూ కోటలో జరిగింది. అక్కడ 1469 నుంచి 1500 దాకా ఘియాత్ షా అనే సుల్తాను ఉండేవాడు. రాజ్యభారం కొడుక్కి వదిలేసి, తాను తిండి మీదా, సుగంధాల మీదా ధ్యాస పెట్టాడు. ఆయన వంటకాలను బొమ్మలతో సహా ఒక గ్రంథంగా రాయించారు. దాని పేరు నిమత్‌నామా. ఇప్పుడది లండనులో బ్రిటిష్ లైబ్రరీలో ఉంది. అందులో సమోసాలు ఒక రకం కాదు, చాలా రకాలు చెప్పారు. ఒకదానిలో మాంసంతో పాటు ఏం కలిపారో తెలుసా? వంకాయ గుజ్జు! మన వంకాయకు అంత మర్యాద దక్కినందుకు నాకెంతో సంతోషం వేసింది. బంగాళాదుంప మాత్రం ఎక్కడా కనిపించదు. కనిపించదు మరి, అది అమెరికా ఖండం నుంచి పోర్చుగీసువాళ్ళ ఓడలెక్కి రావలసిన దుంప. పచ్చిమిరపకాయా అంతే. ఈ రెండూ లేని సమోసాను మన పిల్లలు అసలు సమోసా అని ఒప్పుకుంటారా?

ఆ గ్రంథంలోని బొమ్మల్లో సుల్తాను దిండుకు ఆనుకుని కూర్చుని ఉంటాడు. చుట్టూ పనిచేస్తున్నవాళ్ళు చాలావరకు ఆడవాళ్ళే. ఒకామె మూకుడు దగ్గర, ఒకామె పళ్ళెం పట్టుకుని, మరొకామె ఏదో కలుపుతూ. సుల్తాను పేరు మనకు తెలుసు, ఆయన కొడుకు పేరు తెలుసు. మడత వేసిన ఆ చేతుల పేరు ఒక్కటీ లేదు. వంటల చరిత్ర చదివేటప్పుడు నా మనసులో ముల్లులా గుచ్చుకునేది ఇదే.

దక్షిణాదికి వస్తే హైదరాబాదు వాళ్ళ లుఖ్మీ ఉంది. అరబ్బీలో లుక్మా అంటే ముద్ద, నోట్లో పట్టేటంత ముద్ద. దాన్నుంచి వచ్చిన పేరే ఇది. పార్టీలో చిన్న చిన్న పిండివంటలు పెట్టడం ఎక్కడో విలాయతులో పుట్టిందనుకుంటాం గానీ, మన హైదరాబాదులో ఏకంగా ఆ వంటకానికి పేరే "ముద్ద" అని పెట్టుకున్నారు. సమోసాలాగా ముక్కోణం కాదు, నలుపలకలుగా చదునుగా ఉంటుంది. లోపల ఖీమా. ముస్లిముల పెళ్ళి విందుల్లో బిర్యానీకి ముందు లుఖ్మీ, కబాబు రావడం ఆనవాయితీ. మాంసం తినని ఇళ్ళలో అదే నలుపలకలో బఠాణీ, కారట్ కూర పెట్టుకోవచ్చు. ఎవరూ అడ్డుచెప్పరు.

మరి కర్రీపఫ్ మాటేమిటి? అది మాత్రం నిజంగా దొరల పిండే. అయితే లోపలి కూర మనది. 1878లో మద్రాసులో కెన్నీ హెర్బర్ట్ అనే సైనికాధికారి "వైవర్న్" అనే మారుపేరుతో ఒక వంటల పుస్తకం వేశాడు. మన విశాఖపట్నం జిల్లా కూడా అప్పట్లో మద్రాసు రాజధానిలోదే. దొరసానులు మన వంటవాళ్ళ చేత విలాయతీ వంటలు ఎలా చేయించుకోవాలో చెప్పే పుస్తకమది. అందులో వంటవాడెవరైనా సరే, అతని పేరు "రామసామి"యే. ఏ ఊరివాడో, ఏ ఇంటివాడో, అన్నీ ఒక్క రామసామిలో సరి. మాండూ బొమ్మల్లో పేరే లేదు, మద్రాసులో అందరికీ కలిపి ఒకే పేరు. ఏది నయమో మీరే చెప్పండి.

బేకరీవాళ్ళ కథ కాస్త మేలు, అక్కడ మనవాళ్ళ పేర్లు నిలబడ్డాయి. 1880లో కేరళలోని తలశ్శేరిలో మంబళ్ళి బాపు బేకరీ పెట్టాడు. బెంగుళూరులో 1898లో తిరుమలాచార్ అనే ఆయన చిక్‌పేటలో బేకరీ తెరిచాడు. అయ్యంగార్ బేకరీలకు అది మూలం. గుడ్డు ముట్టనివాళ్ళు దొరల పొయ్యిని పట్టుకుని, అందులో కూరగాయల పఫ్, కారం బన్ను కాల్చారు! ఆ పేరుగల బోర్డులు ఈవేళ తెలుగు ఊళ్ళలో ఎన్ని చూస్తున్నామో లెక్కలేదు.

ఇక మా ఎలమంచిలి సంగతి. ఇప్పుడది అనకాపల్లి జిల్లాలో ఉంది, ఆ జిల్లా 2022 ఏప్రిల్‌లో ఏర్పడింది. సముద్రగుప్తుడి అలహాబాదు శాసనంలో దేవరాష్ట్రం అనే పేరుంది. అది మా ప్రాంతమేనని చరిత్రకారులు చెబుతారు. ఓడిపోయిన రాజు పేరు కుబేరుడని కూడా శాసనంలో ఉంది. ఆ కుబేరుడింట్లో ఏం వండుకున్నారో మాత్రం ఏ శాసనమూ చెప్పదు. మా ఊరికి లోకపు తిండి తెచ్చింది రైలు. 1893 నుంచి 1896 లోపల బెజవాడ నుంచి కటకం వైపు తూర్పుతీరపు రైలుదారి వేశారు. ఆ దారిలో ప్రయాణం చేసినవారికి చెప్పక్కర్లేదు. బుట్ట నెత్తిన పెట్టుకుని, "సమోసా, సమోసా" అంటూ పెట్టెలోకి ఎక్కే మనిషి, కాగితంలో చుట్టిన చిన్న చిన్న ఉల్లి సమోసాలు. అవి పంజాబీ సమోసాల్లా లావుగా ఉండవు. పల్చని పట్టీతో చుట్టినవి, ఒక్కొక్కటి రెండు కొరుకులు. హైదరాబాదు ఇరానీ హోటళ్ళలో టీతో ఇచ్చేవీ ఈ జాతివే.

కానీ మడత మా ఊరికి రైలెక్కి రాలేదమ్మా. అది ముందే ఉంది. సంక్రాంతికి కజ్జికాయలు చేసేటప్పుడు మా అమ్మమ్మ చెక్క వాడేది కాదు. పిండి ఒత్తి, లోపల కొబ్బరీ బెల్లమూ పెట్టి, సగానికి మడిచి, అంచును బొటనవేలితో జడ అల్లినట్టు అల్లుకుంటూ పోయేది. అనకాపల్లి బెల్లం చేతికందేంత దూరంలో ఉంటే తీపి కాక ఇంకేం చేస్తారు! తీపి తీసేసి కారం కూర పెట్టండి, అదే కర్రీపఫ్. ఈ మాట నేను ఊరికే అనడం లేదు. మన విశాఖ, శ్రీకాకుళం ప్రాంతాల నుంచి ఎంతోమంది మలయా దేశపు తోటల్లో కూలికి వెళ్ళారు. ఇవాళ మలేషియాలో వాళ్ళ మనవలు, మునిమనవలు సాయంత్రం టీతో తినేది కరిపాప్. బంగాళాదుంప కూర పెట్టి, అర్ధచంద్రంలా మడిచి, అంచు అల్లి, నూనెలో వేయించినది. పేరు ఇంగ్లీషు, కూర మన దేశపుది, పక్కన పెట్టి చూస్తే అచ్చం కజ్జికాయే!

మన ఇళ్ళలో గోధుమపిండి, మైదా వాడకం పెరగడానికి ఇంకో కారణం కూడా ఉంది. వరి పండే జిల్లాల్లో గోధుమ అంటే పెద్దవాళ్ళకు పథ్యం తిండి. బియ్యం కరువైన రోజుల్లో, 1956లో అమెరికాతో పి.ఎల్.480 ఒప్పందం కుదిరాక, రేషను షాపుల్లో ఆ గోధుమలు వచ్చాయి. వాటితో ఏం చెయ్యాలో ఆడవాళ్ళే తేల్చుకోవాల్సి వచ్చింది. ఆంధ్రప్రభ వారపత్రికలో "ప్రమదావనం" నడిపిన మాలతీ చందూర్ గారి "వంటలు - పిండివంటలు" లాంటి పుస్తకాలు అప్పట్లో ఎన్ని కొత్త కాపురాలకు ధైర్యం చెప్పాయో!

సరే, చరిత్ర విన్నారు, ఇప్పుడు చేతికి పని చెబుతాను. అరకిలో మైదాలో ఉప్పు, వంద గ్రాముల కరిగిన నెయ్యి వేసి ముందు పొడిపొడిగా నలపండి. గుప్పిట్లో నొక్కితే ముద్ద నిలవాలి. నెయ్యి పిండికి పట్టుకుంటే అది సాగదు, అందుకే గుల్లగా వస్తుంది. ఆ తరవాతే చిలికిన పెరుగు, నీళ్ళు కొద్దికొద్దిగా పోసి గట్టిగా కలిపి, తడిబట్ట కప్పి అరగంట ఉంచండి. అప్పడమంత పల్చగా కాకుండా, చపాతీ కంటె కాస్త మందంగా ఒత్తి, రెండంగుళాల పలకలుగా కోస్తే లుఖ్మీ. గుండ్రంగా కోసి మడిస్తే కారం కజ్జికాయ. చిన్నవైతే అరవై దాకా వస్తాయి. లోపలి కూర పూర్తిగా చల్లారాకే పెట్టండి, వేడిమీద పెడితే ఆవిరికి పిండి మెత్తబడి నూనెలో విచ్చుకుంటుంది. ఉల్లి సమోసా అయితే ఉల్లిముక్కల్లో గుప్పెడు అటుకులు కలపండి, ఊరిన నీరంతా అవి పీల్చుకుంటాయి. నూనె బాగా మరగకూడదు. సన్నసెగ మీద నిదానంగా వేగాలి, లేకపోతే పైన బొబ్బలు, లోపల పచ్చిపిండి.

పొరల పఫ్ మాత్రం ఇంట్లో చెయ్యమని నేను చెప్పను. వెన్న పెట్టి మూడు మడతలు ఆరుసార్లు వెయ్యాలి, లెక్క కడితే 729 పొరలు. పొయ్యిలో వెన్నలోని తడి ఆవిరై ఒక్కొక్క పొరనూ పైకి లేపుతుంది. మన విశాఖ ఉక్కలో రెండో మడతకే వెన్న కారిపోతుంది. బేకరీవాళ్ళు అందుకే గట్టి వనస్పతి వాడతారు. అది వాళ్ళకే వదిలేద్దాం.

ఇంకొక్క మనవి. వంటల నోటు పుస్తకం రాసుకునే అలవాటు మీలో చాలామందికి ఉంటుంది. పైన "సమోసా" అని రాస్తాం, కొలతలు రాస్తాం. దాని కిందనే ఎవరి దగ్గర నేర్చుకున్నారో ఆ పేరు కూడా రాయండి. అత్తగారైతే అత్తగారి పేరు, పక్కింటి వదినైతే వదిన పేరు. ఇంటిపేరు, ఊరి పేరు, ఏ సంవత్సరంలోనో కూడా. మా అమ్మమ్మ పేరు నా పుస్తకంలో కజ్జికాయల పేజీలో ఉంది.

అన్నట్టు, పలకలు కోశాక మిగిలిన పిండి అంచులు మళ్ళీ కలిపి ఒత్తకండి, గట్టిపడతాయి. అలాగే వేయించి, ఉప్పూ కారం, కాస్త వేయించిన జీలకర్ర పొడి చల్లి, అతిథులు వచ్చేలోగా పిల్లల చేతిలో పెట్టండి.